తారు గుంటలు చెప్పిన కథ



కిందటి వేసవిలో తాడేపల్లిగూడెంలో మా పెద్ద ఆడపడుచు ఇంటికి వెళ్ళాం. వాళ్ళ వీధిలో కొత్తగా రోడ్డు వేస్తున్నారు. తారు పీపాలు వరసగా పెట్టి వున్నాయి. ఒక పీపాలోంచి కారిన తారు మట్టిలో పళ్ళెమంత మేర పరుచుకుని, పైన దుమ్ము కప్పుకుని, నేలలాగే కనిపిస్తోంది. మా అమ్మాయి చూసుకోకుండా దానిలో కాలు పెట్టింది. చెప్పు అక్కడే వుండిపోయింది. చెప్పు కోసం వంగి రెండో కాలు ఆనించేసరికి అదీ అంటుకుంది. పిల్ల ఏడుపు లంకించుకుంది. మా వదిన గారు కొబ్బరినూనె గిన్నెతో పరుగెత్తుకొచ్చి, "కదలకే తల్లీ, గింజుకుంటే ఇంకా అంటుకుంటుంది" అంటూ పాదాలు రెండూ రుద్ది రుద్ది వదిలించారు.

సాయంత్రం కాళ్ళు కడుక్కుని కూర్చున్నాక మా అమ్మాయి అడిగింది: "అమ్మా, మనకంటే వదిలించేవాళ్ళున్నారు. ఏ కుక్కపిల్లో చిక్కుకుంటే ఏమవుతుంది?"

ఈ ప్రశ్నకు జవాబు ఒక ఊళ్ళో గుట్టలు గుట్టలుగా వుంది. అది అమెరికాలోని లాస్ ఏంజిలిస్. సినిమాలు తీసే ఊరుగానే మనం దాన్ని ఎరుగుదుం. ఆ ఊరి నడిబొడ్డున, కార్లు తిరిగే పెద్ద రోడ్డు పక్కనే, వేల ఏళ్ళ కిందట తారులో చిక్కుకుని చచ్చిపోయిన జంతువుల ఎముకలు లక్షల కొద్దీ దొరికాయి. ఆ చోటి పేరు లా బ్రేయా. స్పానిష్ భాషలో బ్రేయా అంటేనే తారు. నేను పదో తరగతితో చదువు ఆపినదాన్ని. అయినా ఈ సంగతి చదివినప్పుడు చప్పున అర్థమైంది. ఎందుకంటే అటువంటిది ఒకటి నేను కళ్ళారా చూశాను. ముందు అది చెప్పి, తరవాత అమెరికా వెడతాను.

మా పుట్టిల్లు కొల్లేటి లంకల్లో ఒక పల్లె. నేను పదో తరగతి పరీక్షలు రాసిన వేసవి అది. ఎండలకు కొల్లేరు బాగా వెనక్కి తగ్గింది. ఒడ్డు పొడుగునా పైకి ఎండి నెరియలు విచ్చిన మట్టి, దాని కింద మెత్తని ఊబి. మా గేదె గౌరి నీళ్ళ కోసం ఆ పెచ్చు మీద నడిచి వెళ్ళి కూరుకుపోయింది. గేదెకు నాలుగు కాళ్ళున్నాయి గదా, ఒకటొకటిగా తీసుకోలేదా అనుకుంటారు. అక్కడే వుంది చిక్కు. ఒక కాలు పైకి లాగాలంటే మిగిలిన మూడింటి మీద బరువు మోపాలి. ఆ మూడూ ఇంకా లోపలికి దిగుతాయి. పొద్దుగూకే వేళకు పొట్ట దాకా దిగిపోయింది. మగవాళ్ళు తాళ్ళు కట్టి లాగారు, తడికెలు పరిచారు. లాభం లేకపోయింది.

చీకటి పడేసరికి ఊళ్ళో కుక్కలన్నీ చేరాయి. వాటి వెనక నక్కల కూతలు. మా నాన్న, చిన్నాన్న లాంతర్లు పెట్టుకుని తెల్లవార్లూ కూర్చున్నారు. ఇంటి దగ్గర దూడ అరుస్తుంటే ఊబిలోంచి గౌరి బదులు పలికేది. తెల్లవారుజామున ఆ పలుకు ఆగిపోయింది. పొద్దెక్కేసరికి ఎక్కడినుంచో మూడు రాబందులు వచ్చి వాలాయి. గౌరి పాల డబ్బుతో నన్ను ఏలూరు కాలేజీలో చేర్పించాలని అమ్మ అనుకుంది. ఆ జూన్‌లో నేను కాలేజీకి వెళ్ళలేదు. ఎవరూ ఏమీ అనలేదు, నేనూ అడగలేదు.

ఒక జంతువు చిక్కుకుంది, దాని కోసం ఎన్ని వచ్చాయో చూశారు గదా. ఈ ఒక్క ముక్క గుర్తుపెట్టుకోండి. లా బ్రేయా కథ అంతా ఇందులోనే వుంది.

లాస్ ఏంజిలిస్ నేల కింద ముడి చమురు వుంది. భూమి పొరల్లోని పగుళ్ళ వెంట ఆ చమురు నెమ్మదిగా పైకి ఊరుతుంది. పైకి వచ్చాక అందులోని పలచని భాగం గాలికి ఆరిపోగా, చిక్కని నల్లని జిగురు మిగులుతుంది. మాట వరసకు తారు అంటున్నాం గాని, శాస్త్రజ్ఞులు దీన్ని అస్ఫాల్టు అంటారు. మన రోడ్డు మీది నలుపుకు ఇది స్వయానా తోబుట్టువు. సుమారు 50 వేల ఏళ్ళకు పైగా అక్కడ ఇది ఊరుతూనే వుంది. నేటికీ పార్కులో గడ్డి మధ్య నల్లటి మడుగులు కనిపిస్తాయి, వాటిలో గ్యాసు బుడగలు లేస్తుంటాయి.

తారు గుంట అనగానే ఏనుగు మునిగేంత లోతైన బావి అని మన ఊహ. ఆ మ్యూజియం ముందు కొలనులో పెట్టిన బొమ్మలు చూసినా అలాగే అనిపిస్తుంది. ఒక పెద్ద ఏనుగు కూరుకుపోతుంటే గట్టు మీద పిల్ల ఏనుగు చూస్తూ వుంటుంది. నిజానికి ఆ కొలను వెనకటి రోజుల్లో మనుషులు తారు కోసం తవ్విన గొయ్యి. పూర్వపు జంతువులను పట్టుకున్నవి చాలా వరకు లోతులేని మడుగులే. ఎండాకాలంలో తారు మెత్తబడినప్పుడు ఒకటిన్నర అంగుళం మందం వుంటే చాలు, ఆవంత జంతువు కాలు ఊడిరాదు. పైన దుమ్ము, ఎండుటాకులు పడి మామూలు నేలలాగే వుంటుంది. మా అమ్మాయి మోసపోయింది ఇలాగే గదా!

అడవిదున్నో, గుర్రమో, ఒంటో దారిన పోతూ అడుగు వేసింది. అంటుకుంది, గింజుకుంది, అరిచింది. ఆ అరుపు తోడేళ్ళ చెవిన పడింది. వేట లేకుండానే విందు దొరికిందని గుంపుగా వచ్చాయి. వాటిలో కొన్ని అంటుకున్నాయి. తరవాత కోరపళ్ళ పులి వచ్చింది, అదీ అంటుకుంది. పైనుంచి గద్దలు, రాబందులు దిగాయి. రెక్కకు తారు అంటితే పక్షి ఇక లేవలేదు. పాకం గిన్నె మీద మూత పెట్టడం మరిచిపోతే మొదట ఒక ఈగ పడుతుంది, దాని వెనక చీమలబారు వచ్చి అవీ పాకంలోనే వుండిపోతాయి. అక్కడ జరిగిందీ అంతే.

ఇందువల్ల ఒక చిత్రం జరిగింది. మామూలు అడవిలో లేళ్ళు వేలుంటే పులులు పదుంటాయి. లా బ్రేయాలో లెక్క తలకిందులైంది. అక్కడ దొరికిన జంతువుల్లో నూటికి సుమారు 90 మాంసం తినేవే. ఇప్పుడు లోకంలో లేని ఒక భారీ తోడేలు జాతివి 4,000కు పైగా, కత్తుల్లాంటి కోరలున్న స్మైలోడాన్ అనే పెద్దపిల్లివి 2,000కు పైగా లెక్కకు వచ్చాయి. ఆ కోర ఒక్కొక్కటి సుమారు 7 అంగుళాలు. ఎర కన్నా, ఎరకు ఆశపడినవే ఎక్కువ పోయాయన్న మాట.

ఇన్ని వేల జంతువులంటే రోజూ పడేవా అని సందేహం రావచ్చు. అక్కర్లేదు. పదేళ్ళకొకసారి ఒక పది పెద్ద జంతువులు చిక్కుకున్నా, 30 వేల ఏళ్ళలో ఆ గుట్ట అంతా పోగవుతుందని లెక్క కట్టారు. మనం నెలకు రూపాయి చొప్పున హుండీలో వేస్తే మనవరాలి పెళ్ళినాటికి ఎంతవుతుందో అలాగన్న మాట. కాలం చేసే పొదుపు అది.

మరి ఎముక పుచ్చి పొడైపోకుండా ఎలా నిలిచింది? మాంసం, చర్మం మిగల్లేదు, అవి కుళ్ళిపోయాయి. ఎముక మాత్రం తారు పీల్చుకుంది. నూనె పోసి ఊరబెట్టిన ఆవకాయకు గాలి తగలకపోతే బూజు పట్టదు గదా! ఎముకనూ తారు అలాగే కాపాడింది. రంగు ముదురు గోధుమకు మారింది గాని, ఎముకలోని అసలు పదార్థం కొంత అలాగే వుంది. దాన్నిబట్టే అది ఎన్ని వేల ఏళ్ళ నాటిదో లెక్క కట్టగలుగుతున్నారు. చాలా చోట్ల పూర్వపు ఎముక రాయిగా మారిపోయి దొరుకుతుంది. ఇక్కడ ఎముక ఎముకగానే దొరికింది.

దీన్ని మనుషులు ఎలా కనిపెట్టారో కూడా చెప్పుకోవాలి. అక్కడి ఆదివాసులు ఎన్నో తరాలుగా ఆ తారును పడవలకు పూసేవారు. 1769లో స్పెయిన్ దేశస్థులు ఆ దారిన వెడుతూ తారు ఊటలు చూశామని రాసుకున్నారు. 1828లో ఆ నేల ఆసాముల చేతికి దక్కింది. ఊళ్ళోవాళ్ళు ఇళ్ళ కప్పులకు తారు తీసుకుపోయేవారు. తారులో ఎముకలు కనిపిస్తే ఏ ఆవువో అనుకుని అవతల పారేసేవారు. 1875లో విలియం డెంటన్ అనే ఆయన అందులో ఒక కోర చూసి, ఇది నేటి జంతువుది కాదన్నాడు. ఎవరూ పట్టించుకోలేదు. 1901లో చమురు కంపెనీ భూగర్భ శాస్త్రజ్ఞుడు ఆర్కట్ మళ్ళీ చూశాకగాని లోకానికి తెలివి రాలేదు.

అప్పటి ఆ నేల యజమాని హాంకాక్, లాస్ ఏంజిలిస్ కౌంటీ మ్యూజియం వారికి తవ్వుకునే హక్కు ఇచ్చాడు. 1913 నుంచి 1915 దాకా వాళ్ళు 96 చోట్ల తవ్వి ఏడున్నర లక్షల ఎముకలు తీశారు. 1924లో ఆయన 23 ఎకరాలు దానంగా ఇచ్చేశాడు. అదే ఇప్పటి పార్కు. ఆ తొలి తవ్వకాల్లో పెద్ద ఎముకల మీదే కన్ను. 1969లో 91వ నంబరు గొయ్యి మళ్ళీ తెరిచి, ఈసారి చిన్నచిన్నవి కూడా ఏరారు. విత్తనాలు, పుప్పొడి, పురుగుల రెక్కలు, ఎలుక పళ్ళు, అన్నీ. బియ్యంలో రాళ్ళేరే ఓపిక కావాలి దానికి! ఆ కాలపు వాన, ఎండ, చెట్టుచేమల సంగతి చెప్పింది ఆ చిన్నవే. 2006లో పక్కన కార్ల షెడ్డు కోసం తవ్వుతుంటే మళ్ళీ గుట్టలు బయటపడ్డాయి. తారూ మట్టీ కలిపి 23 పెద్ద చెక్కపెట్టెల్లో ఎత్తిపెట్టి ఏళ్ళ తరబడి శుభ్రం చేస్తున్నారు. అందులో ఒక మామత్ ఏనుగు అస్థిపంజరం చాలా మట్టుకు చెదరకుండా దొరికింది.

లక్షల ఎముకల మధ్య మనిషి ఎముకలు ఒక్కరివే దొరికాయి. 1914లో బయటపడ్డ ఆ ఒక్కరూ ఆడమనిషి. సుమారు 10 వేల ఏళ్ళ కిందటిది, ఇరవై ఏళ్ళు అటూ ఇటూగా వుండే వయసు. ఇది చదివిన రోజు నాకు అన్నం సయించలేదు. ఎవరి బిడ్డో, ఎవరి కోడలో!

సరే, అమెరికా సంగతి అలా వుంచి మన సంగతికి వద్దాం. మన కృష్ణా గోదావరి మధ్య నేల కింద కూడా చమురు, గ్యాసు వున్నాయి. కాని అవి చాలా లోతున వున్నాయి. గొట్టాలు దింపి తీసుకోవలసిందే తప్ప మడుగులు కట్టవు. అయితే పూర్వపు జంతువుల ఎముకలు పోగుపడిన చోటు మన రాష్ట్రంలోనూ వుంది. బేతంచెర్ల దగ్గరి బిలస్వర్గం గుహలు. మొన్నటి దాకా కర్నూలు జిల్లా, ఇప్పుడు నంద్యాల జిల్లా.

ఆ గుహల్లో ఎముకలున్నాయని 1844లోనే న్యూబోల్డ్ అనే సైనికాధికారి రాశాడు. 1880ల్లో రాబర్ట్ బ్రూస్ ఫూట్ గారు, ఆయన కొడుకు కలిసి అక్కడ తవ్వించారు. మనదేశంలో పాత రాతియుగపు పనిముట్లను మొట్టమొదట గుర్తించినవాడు ఈ ఫూట్ గారే. ఎముకలు విస్తారంగా వున్న ఒక గుహకు ఆయన ఎముకల కొట్టు అనే అర్థం వచ్చే పేరు పెట్టాడు. ఖడ్గమృగం ఎముకలు కూడా దొరికాయి. రాయలసీమలో ఖడ్గమృగం! ఊహించండి.

అక్కడ తారు లేదు. మరి ఎముకలు ఎలా చేరాయి? గుహ కూడా ఒక విధమైన బోనే. పైకప్పు రంధ్రంలోంచి జంతువులు జారిపడవచ్చు. దుమ్ములగొండి వేటను లోపలికి ఈడ్చుకెళ్ళి తింటుంది. దుమ్ము అంటే మన పాత తెలుగులో ఎముక. దాని గుణం మనవాళ్ళు పేరులోనే పెట్టారు చూశారా! ఏదుపందికి ఎముకలు కొరికే అలవాటు వుంది, దొరికినవన్నీ గుహలోకి చేరవేస్తుంది. గుడ్లగూబ ఎలుకను మింగి ఎముకలను ఉండగా కక్కుతుంది. పైనుంచి వాననీటితో వచ్చిన మట్టి వాటిని కప్పుతుంది. సున్నపురాయి గుహ కనుక ఎముక నిలిచింది.

ఇప్పుడు అసలు మాట. లా బ్రేయాలో ఎముకల వయసులు జాగ్రత్తగా లెక్క కట్టిన శాస్త్రజ్ఞులు 2023లో ఒక సంగతి బయటపెట్టారు. వేల ఏళ్ళు అక్కడ బతికిన పెద్ద జంతువులు, సుమారు 12,900 ఏళ్ళ కిందటికల్లా ఆ ప్రాంతంలో లేకుండా పోయాయి. భారీ తోడేలు, కోరపళ్ళ పులి, ఒంటె, గుర్రం అన్నీ. కారణం వెతకడానికి వాళ్ళు దగ్గరలోని ఒక చెరువు అడుగు మట్టి తీసి చూశారు. అందులో బొగ్గు నలుసులు ఒక్కసారిగా పెరిగాయి. వేడి పెరిగి, చెట్లు ఎండి, మనుషులు వచ్చి, నిప్పు అంటుకుంది. ఎండ, కరువు, మనిషి, మంట నాలుగూ కలిశాయి.

మన బిలస్వర్గం వేరే కథ చెప్పింది. అక్కడ మళ్ళీ తవ్వి 2014లో ప్రకటించిన ఫలితం ఇది: గుర్తించిన 21 రకాల పాలిచ్చే జంతువుల్లో 20 రకాలు లక్ష ఏళ్ళ పైనుంచీ నేటిదాకా నిలిచే వున్నాయి. కొన్ని ఆ చోటు విడిచి మరో చోటికి మారాయి, కాని వంశం నిలిచింది. ఎందుకు నిలిచిందంటే, మనదేశంలో ఒక అడవి ఎండితే పక్కన ఇంకో కొండ, ఇంకో వాగు, ఇంకో చిత్తడి నేల వున్నాయి. ఒకదానికొకటి దారి వుంది. పుట్టింట్లో కష్టమొస్తే మేనమామ ఇల్లు వున్న పిల్లలాగ అవి తట్టుకున్నాయి.

ఆ మేనమామ ఇళ్ళలో ఒకటి మన కొల్లేరు. బుడమేరు, తమ్మిలేరు తెచ్చిన నీరంతా అందులో చేరి ఉప్పుటేరు గుండా సముద్రంలో కలుస్తుంది. వాటితో వచ్చిన ఒండ్రు ఏటేటా అడుగున పొరగా పడుతుంది. ఆ పొరలు విప్పి చదవగలిగితే వేల ఏళ్ళ వానలు, కరువులు అందులో వున్నాయి. మా పల్లెలో మట్టి తవ్వినప్పుడల్లా గుల్లలు వచ్చేవి. మేం వాటితో గవ్వలాట ఆడుకున్నామే గాని, అవి పుస్తకంలో అక్షరాలని మాకు తెలియదు.

నేను నీతులు చెప్పడానికి రాలేదు. మా అన్నయ్య కూడా కొల్లేట్లో చేపల చెరువు తవ్వినవాడే. నా పెళ్ళి ఖర్చు ఆ చెరువులోంచే వచ్చింది. కొల్లేరును 1999లో పక్షుల అభయారణ్యమన్నారు, 2002లో ప్రపంచం గుర్తించిన చిత్తడి నేలల పట్టికలో చేర్చారు. 2006లో లోపలి చెరువుల గట్లు తెంచినప్పుడు మా అన్నయ్య చెరువూ పోయింది. మా వదిన ఫోనులో ఏడ్చిన ఏడుపు ఇంకా నా చెవుల్లో వుంది. పక్షి బతకాలి, మనిషీ బతకాలి. ఈ రెండూ ఒక్క వాక్యంలో చెప్పడం తేలిక, ఒక్క ఇంట్లో జరపడం కష్టం. అయినా ఒకటి మాత్రం అనుకుంటాను. చెరువు పోతే మా అన్నయ్య మరో పని వెతుక్కున్నాడు. కొల్లేరు పోతే ఆటపాక గూడబాతు ఎక్కడ వెతుక్కుంటుంది?

అన్నీ వేల ఏళ్ళ కిందటే పోయాయనుకోకండి. గౌరి మీద వాలిన ఆ రాబందులు ఇప్పుడేవి? మా అమ్మాయి ఒక్కదాన్ని కూడా చూడలేదు. పశువులకు నొప్పి తగ్గడానికి ఇచ్చే డైక్లోఫినాక్ అనే మందు, చచ్చిన పశువు మాంసం ద్వారా రాబందుల మూత్రపిండాలను పాడుచేసిందని 2004లో తేలింది. పశువులకు ఆ మందు వాడరాదని 2006లో మనదేశంలో నిషేధించారు. అప్పటికే నూటికి తొంభై అయిదుకు పైగా రాబందులు పోయాయి. తారు గుంటకు 30 వేల ఏళ్ళు పట్టింది. మనకు పదిహేనేళ్ళు చాలింది.

కాని ఆశ వదులుకోనక్కర్లేదు. లా బ్రేయా తారులో ఎముకలు దొరికిన పక్షుల్లో కాండార్ అనే పెద్ద రాబందు ఒకటి. కోరపళ్ళ పులి కాలం దాటి బతికిన ఆ పక్షి 1982 నాటికి 22 మాత్రమే మిగిలింది. వున్నవాటిని పట్టి తెచ్చి, గుడ్లు పొదిగించి, పిల్లలను పెంచి మళ్ళీ ఆకాశంలోకి వదిలారు. ఇప్పుడవి వందల్లో వున్నాయి. గింజుకునేదాన్ని చూసి విందుకు వచ్చినవాళ్ళే కాదు, కొబ్బరినూనె గిన్నెతో పరుగెత్తుకొచ్చేవాళ్ళు కూడా లోకంలో వుంటారన్న మాట.

మా అమ్మాయి ప్రశ్నకు ఆ రాత్రి ఈ కథంతా చెప్పాను. విని కాసేపు ఊరుకుని, "గౌరిని తీయడానికి తాతయ్య తెల్లవార్లూ కూర్చున్నాడు గదా, అది గౌరికి తెలుసునంటావా?" అంది.

తెలుసుననే అనుకుంటాను. వుంటాను మరి, సెలవు.